వాండా నటించిందా, బతికిందా?

వాండా దువార్తె పేరు పోర్చుగల్ సినిమా చరిత్రలో మూడు చిత్రాల దగ్గర గట్టిగా వినిపిస్తుంది. 1997 నాటి ‘ఓస్సోస్’లో ఆమె నటి, పాత్ర పేరు క్లోతిల్డ్. 2000లో వచ్చిన ‘నో క్వార్తో ద వాండా’, అంటే ‘వాండా గదిలో’, ఆమె సొంత పేరుతో, సొంత గదిలో, సొంత కుటుంబంతో తీసినది. దాన్ని చాలామంది డాక్యుమెంటరీ అన్నారు. 2006 నాటి ‘జువెంతూద్ ఎం మార్షా’లోనూ ఆమె వాండాయే. కానీ ఆ చిత్రం కాన్ ఉత్సవంలో కథాచిత్రాల సరసన ప్రధాన పోటీలో నిలిచింది. మూడింటికీ దర్శకుడు పెడ్రో కోస్టా.

అదే మనిషి, అదే గొంతు. ఒకచోట నటి, ఒకచోట డాక్యుమెంటరీలోని ‘వ్యక్తి’, ఇంకోచోట ఏమని పిలవాలో తెలియని స్థితి. ఈ చిక్కు వాండా ఒక్కరిదే కాదు. డాక్యుమెంటరీ అనగానే కెమెరా ముందున్నవారు ఊరికే ఉన్నారనీ, పనంతా కెమెరా వెనకున్నవారిదేననీ మనం అనుకుంటాం. బహుమతులూ ఆ లెక్కనే నడుస్తాయి. మన జాతీయ చలనచిత్ర పురస్కారాల్లో డాక్యుమెంటరీల వంటివాటికి ఉన్న నాన్ ఫీచర్ విభాగాన్నే చూడండి. వ్యాఖ్యానం చదివిన గొంతుకు బహుమతి ఉంది, తెర మీద కనిపించిన మనిషికి లేదు. ఈ లెక్క ఎక్కడ తప్పుతుందో వాండా సినిమాలు దగ్గరగా చూపిస్తాయి.

కథ మొదలైంది లిస్బన్‌లో కాదు. 1994 నాటి ‘కాజా ద లావా’ తీయడానికి కోస్టా అట్లాంటిక్‌లోని కేప్ వర్డీ దీవులకు వెళ్లాడు. అవి 1975 దాకా పోర్చుగల్ వలసపాలనలో ఉండేవి. అక్కడినుంచి వేలమంది కూలిపనికి లిస్బన్ చేరారు. షూటింగ్ ముగించుకుని తిరిగి వస్తుంటే ఊళ్లోవాళ్లు ఆయన చేతికి ఉత్తరాలు, కాఫీ, పొగాకు ఇచ్చి లిస్బన్‌లో ఉన్న తమవాళ్లకు అందజేయమన్నారు. ఆ చిరునామాలు చాలావరకు ఫోంటైన్యాస్‌వి. గోవా వెళ్లినవారికి పణజిలో ఇదే పేరున్న రంగురంగుల పాత పేట గుర్తుకు రావచ్చు. ఇది అది కాదు. లిస్బన్ అంచున అమడోరాలో, వలస వచ్చినవారు తమ చేతులతో కట్టుకున్న మురికివాడ. సందులు ఇద్దరు ఎదురుపడితే ఒకరు పక్కకు తొలగాల్సినంత ఇరుకు. కేప్ వర్డీ కూలీలతో పాటు పేద పోర్చుగీసు కుటుంబాలూ అక్కడ ఉండేవి. వాండా కుటుంబం అలాంటిదే.

ఉత్తరాలు పంచడానికి వెళ్లిన కోస్టా అక్కడే ‘ఓస్సోస్’ తీశాడు. పసిబిడ్డను ఏం చేయాలో తెలియని ఒక యువ జంట కథ అది. దాంట్లో వాండా పాత్ర ఇళ్లలో పాచిపని చేసుకునే ఇరుగుపొరుగు స్నేహితురాలు. చిత్రం పద్ధతిగానే తయారైంది: 35 ఎం.ఎం. ఫిల్ము, పెద్ద బృందం, లారీలు, లైట్లు. వెనిస్ ఉత్సవంలో ఛాయాగ్రాహకుడు ఇమాన్యుయెల్ మషుయెల్‌కు బహుమతి కూడా వచ్చింది. కానీ లోపల ఒక గొడవ నడుస్తూ ఉంది. రాత్రిళ్లు వాడ మీద వెలుగు కుమ్మరిస్తుంటే, తెల్లవారకముందే పనికి లేవాల్సినవాళ్లకు నిద్ర కరువైంది. ఒక రాత్రి లైట్లు ఆర్పించేశానని కోస్టా తర్వాత చాలా ఇంటర్వ్యూల్లో చెప్పుకున్నాడు. రాసిచ్చిన మాటలు, చెప్పిన కదలికలు వాండాకు నచ్చేవి కావట, ఆమె తనకు తోచినట్టే చేసేదట. సినిమా అంటే ఇంత హంగామాయేనా, ఇంతకంటే సులువుగా తీయలేమా అన్న ప్రశ్న ఆమె నుంచే వచ్చిందనీ, తన గదికి రమ్మని పిలిచింది కూడా ఆమేననీ ఆయన మాట.

సినిమా చరిత్రలు ఈ ఘట్టాన్ని సాధారణంగా దర్శకుడి మేల్కొలుపుగా చెబుతాయి. నాకు మాత్రం ఇది ఒక నటి తన పని షరతులను మార్చుకున్న సందర్భంగా కనిపిస్తుంది. అరుదైన సంగతే. పేరున్న తార అయితే కాల్‌షీట్ల మీద, కారవాన్ మీద పట్టు పడుతుంది. వాండా ఏకంగా సినిమా తీసే పద్ధతి మీదే పట్టు పట్టింది, నెగ్గింది కూడా.

ఆ తర్వాత కోస్టా ఒక చిన్న పానాసోనిక్ డిజిటల్ వీడియో కెమెరా కొనుక్కుని, ఉద్యోగానికి వెళ్లినట్టు రోజూ ఫోంటైన్యాస్‌కు వెళ్లడం మొదలుపెట్టాడు. లారీలు లేవు, సహాయకులు లేరు. కొన్నాళ్లు మాత్రం శబ్దం రికార్డు చేసే మనిషి తోడుండేవాడు. గదిలోకి వచ్చే వెలుతురును అద్దాలతో, అట్టలతో మళ్లించుకునేవాడు. అలా వంద గంటలకు పైగా పోగైన దృశ్యాల్లోంచి దాదాపు మూడు గంటల సినిమా తేలింది.

తెర మీద కనిపించేది చెబితే ఒక్క వాక్యంలో అయిపోతుంది. పచ్చటి గోడల ఇరుకు గదిలో ఒక మంచం, దాని మీద వాండా, ఆమె తోబుట్టువు జీతా, వాళ్లు పీల్చే హెరాయిన్, ఎడతెగని దగ్గు, మధ్యమధ్య కబుర్లు. కెమెరా కదలదు. బయట బుల్‌డోజర్లు వాడను కూలగొడుతుంటాయి. మురికివాడల వాసులకు కొత్త ఇళ్లు ఇస్తామని పోర్చుగల్ ప్రభుత్వం 1993లో పెట్టిన పునరావాస కార్యక్రమం ఆ బుల్‌డోజర్లను తెచ్చింది. సినిమాలో ఎవరూ ఆ పథకం పేరెత్తి వివరించరు. గోడ అవతల గునపం దెబ్బ వినిపిస్తుంది, మంచం మీద సంభాషణ సాగుతూనే ఉంటుంది.

వాండా పగలు కూరల బుట్ట పట్టుకుని ఇంటింటికీ తిరిగి లెట్యూస్, క్యాబేజీ అమ్ముతుంది. బేరం సాగితే సాగుతుంది, లేకపోతే పక్క గుమ్మం. ఈ దృశ్యాల్లో ఆమె గొంతు వేరు. గదిలో సాగదీసే మాట గుమ్మం ముందు చురుగ్గా తెగుతుంది. మంచం మీది మనిషి, బజారు మనిషి, తల్లి దగ్గర విసుక్కునే కూతురు, స్నేహితుడి కష్టం వినే నేస్తం: సినిమా ముగిసేలోగా నలుగురు వాండాలు కనిపిస్తారు. ఊరికే బతుకుతున్న మనిషిని దొంగచాటుగా చిత్రీకరిస్తే ఇంత స్పష్టంగా నాలుగు రకాలు దొరకవు.

అసలు ముడి ఇక్కడుంది. చూసేవాళ్లలో ఎక్కువమంది ఇదంతా అప్పటికప్పుడు జరిగినదే అనుకుంటారు. కోస్టా చెప్పినదాన్ని బట్టి జరిగింది వేరు. చాలా దృశ్యాలు పదేపదే చేసినవి. ఏ రోజో ఎక్కడో నడిచిన సంభాషణను తర్వాత మళ్లీ గదిలో కూర్చుని చేశారు. నచ్చకపోతే మర్నాడు మళ్లీ. మాటలు తగ్గాయి, కొన్ని పెరిగాయి, కూర్చునే చోటు మారింది. అంటే రిహార్సల్ ఉంది, టేకులు ఉన్నాయి. అయితే ఇది డాక్యుమెంటరీ కాదా? మోసమా?

మోసం అనేవారి లెక్క ప్రకారం నిజం ఒక్కసారే జరుగుతుంది, రెండోసారి చేస్తే అది నటన, నటన అంటే అబద్ధం. ఈ లెక్కలో చివరి మెట్టు దగ్గర నాకు పేచీ. మన ఇళ్లలో తన పెళ్లినాటి సంగతి ఇరవయ్యోసారి చెప్పే అమ్మమ్మ అబద్ధం చెబుతున్నట్టు కాదు. మొదటిసారి తడబడ్డ చోట ఇప్పుడు తడబడదు, ఎక్కడ ఆగితే వినేవాళ్లు ముందుకు వంగుతారో తెలుసుకుంది, అంతే. వాండా చేసింది కూడా ఆ కోవలోనిదే. తన బతుకులోని ముడిసరుకును ఆమె పలుమార్లు సానపట్టింది. అది తన బతుకే కావడం వల్ల ఆ శ్రమ తెలియకుండా పోయింది.

శ్రమ అనే మాట అనాలోచితంగా వాడలేదు. ఆ సినిమాలో అందరూ గుర్తుంచుకునే ఒక దృశ్యం వాండాది కాదు, పక్క ఇంట్లో తలదాచుకున్న యువకులది. ఇల్లు ఎల్లుండో ఆపైనో కూలిపోతుంది. వాళ్లలో ఒకడు బల్ల మీది మరకలను కత్తి అలుగుతో ఓపిగ్గా గీకుతుంటాడు. ఎలాగూ వదిలేసి పోయేదానికి ఇదెందుకని తోటివాడికి విసుగు. అతడు మానడు. ఫ్రెంచి తత్వవేత్త జాక్ రాన్సియేర్ ఈ దృశ్యం గురించి ప్రత్యేకంగా రాశాడు. ఇల్లు లేనివాళ్లకూ తమ చుట్టూ ఉన్నదాన్ని అందంగా ఉంచుకోవాలనే పట్టింపు ఉంటుందన్నది ఆయన వాదన సారాంశం. నాకు దాంట్లో ఇంకొకటి కూడా కనిపిస్తుంది. ఆ గీకుడు ఎంతసేపు సాగాలి, చేయి ఎక్కడ ఆగాలి, మాట ఎప్పుడు పడాలి అన్నవి కెమెరా ముందు తేలిన నిర్ణయాలు. వాటిలో సగమైనా కెమెరా ముందున్నవాళ్లవి.

పోర్చుగల్‌లో ఇది ఆకాశం నుంచి ఊడిపడ్డ పద్ధతి కాదు. లైతావ్ ద బారోస్ 1930లో ‘మరియా దో మార్’లో నజరే అనే తీరప్రాంతపు ఊరి జాలరులను రంగస్థల నటుల పక్కన నిలబెట్టాడు. 1942లో ‘అలా అర్రీబా’లో పోవొవ ద వర్జీం జాలరులే పాత్రలు. అన్నింటికంటే దగ్గరి పూర్వీకుడు మనోయెల్ ద ఒలివేరా 1963 చిత్రం ‘ఆక్తో ద ప్రిమవేరా’. ఉత్తరాదిన కురల్య అనే పల్లెలో రైతులు ఏటా క్రీస్తు శిలువ కథను 16వ శతాబ్దపు పద్యపాఠంతో ఆడేవారు. ఒలివేరా దాన్ని చూసి, వాళ్లచేతే కెమెరా కోసం మళ్లీ ఆడించాడు. రైతు తన పేరుతో కాక యేసుగా మాట్లాడుతున్నాడు, అయినా చూస్తున్నంతసేపూ ఆ చేతులు, ఆ యాస, ఆ ఎండ రైతువే. అది ఆ ఊరి డాక్యుమెంటరీయా, శిలువ నాటకమా? రెండూ. ఆ చిత్రానికి సహాయకుడిగా పనిచేసిన అంతోనియో రేయిస్ తర్వాత మార్గరీదా కోర్దేరోతో కలిసి 1976లో ‘త్రాజ్ ఉజ్ మోంతెస్’ తీశాడు. లిస్బన్ సినిమా పాఠశాలలో పెడ్రో కోస్టాకు పాఠాలు చెప్పింది ఆ రేయిసే. అంటే వాండా గదిలోకి కోస్టా ఒట్టి చేతులతో వెళ్లలేదు, ఒక సంప్రదాయాన్ని వెంటబెట్టుకుని వెళ్లాడు. తేడా ఏమిటంటే కురల్య రైతులకు పట్టుకోవడానికి పాతకాలపు పద్యం ఉంది. వాండాకు తన నోటిమాట తప్ప ఆసరా లేదు.

‘ఓస్సోస్’ నటీనటుల జాబితాలో వాండాతో పాటు ఇంకో పేరు ఉంది: ఇనేస్ ద మెదేరోస్. కోస్టా తొలి చిత్రం ‘ఓ సాంగ్’ (1989)లో, ‘కాజా ద లావా’లో నటించిన వృత్తి నటి. ఆమె కూడా డాక్యుమెంటరీలోకి వెళ్లింది, కాకపోతే వేరే గుమ్మం గుండా. 2006లో ‘కార్తాస్ ఆ ఉమా దితదూరా’, అంటే ‘నియంతృత్వానికి ఉత్తరాలు’, అనే చిత్రానికి దర్శకత్వం వహించింది. 1958లో పోర్చుగల్ నియంత సలజార్‌ను సమర్థించమని ఒక మహిళా సంస్థ పిలుపిస్తే దేశం నలుమూలల నుంచి స్త్రీలు రాసిన జవాబులు సుమారు వంద పాత పుస్తకాల వ్యాపారి దగ్గర బయటపడ్డాయి. ఇనేస్ ఆ ఉత్తరాలు రాసినవారిలో బతికి ఉన్నవారిని వెతికి, వాళ్ల ముందు కూర్చుని అడిగింది. ఒకరు గుర్తులేదంటారు, ఒకరు నవ్వేసి మాట మారుస్తారు, ఒకరు సమర్థించుకుంటారు. ముసలితనంలో తమను తాము ఎలా చూపించుకోవాలో వాళ్లకు బాగా తెలుసు. ఎదుటివారు ఎప్పుడు వేషం కడుతున్నారో పసిగట్టడానికి నటిగా గడిపిన ఏళ్లు ఇనేస్‌కు పనికొచ్చాయని ఆ చిత్రం చూస్తే అనిపిస్తుంది. ఆమె తర్వాత పార్లమెంటు సభ్యురాలైంది, 2017లో అల్మాదా నగర మేయర్ అయింది. ఆమె అక్క మరియా ద మెదేరోస్ ‘పల్ప్ ఫిక్షన్’తో మన ప్రేక్షకులకూ తెలిసిన ముఖమే. ఆమె కూడా 2004లో కళాకారులు, విమర్శకుల వైరం మీద ఒక డాక్యుమెంటరీ, 2012లో బ్రెజిల్ సైనిక పాలన ఒక తల్లీకూతుళ్ల బతుకును ఎలా ఛిద్రం చేసిందో చెప్పే ‘రెపారె బేన్’ తీసింది.

ఈ అక్కచెల్లెళ్ల విషయంలో ఎవరికీ గందరగోళం లేదు. నటి డాక్యుమెంటరీ తీస్తే అది ‘వృత్తిలో మలుపు’. వాండా డాక్యుమెంటరీలో కనిపిస్తే అది వృత్తి కింద లెక్కకు రాదు. ‘నో క్వార్తో ద వాండా’ తర్వాత 2002లో కాన్‌లో ఫ్రాన్స్ కుల్తుర్ రేడియో ఇచ్చే విదేశీ సినీకారుడి పురస్కారం కోస్టాకు దక్కింది. న్యాయమే, ఆయన సినిమా పద్ధతినే మార్చాడు. కానీ ఆ పద్ధతిలో సగం భాగస్వామికి ఏ వర్గంలో ఏమివ్వాలో ఎవరికీ తోచలేదు. వర్గమే లేదు మరి.

2006 చిత్రం దగ్గరికి వచ్చేసరికి ఫోంటైన్యాస్ లేదు. వాండా కుటుంబం కసాల్ ద బోబా అనే కొత్త కాలనీలోని అపార్టుమెంటుకు మారింది. గోడలన్నీ తెలుపు, వెలుతురు చప్పగా. వెంతూరా అనే మాజీ తాపీపనివాడు, కేప్ వర్డీ నుంచి వచ్చినవాడు, తన ‘పిల్లల’ ఇళ్లు ఒక్కొక్కటీ తిరుగుతుంటాడు. వాండా అతన్ని నాన్నా అని పిలుస్తుంది. రక్తసంబంధం లేదు, సినిమా దాన్ని దాచదు. ఆమె ఇప్పుడు హెరాయిన్ మాన్పించే మెథడోన్ మందు చికిత్సలో ఉంది, ఒక కూతురికి తల్లి. టీవీ మోగుతున్న గదిలో మంచం మీద కూర్చుని, పురిటిరోజు ఎలా గడిచిందో ఒకే పొడవాటి షాట్‌లో చెబుతుంది. నొప్పులు, ఆసుపత్రి, విసుగు, హాస్యం ఒకదాని మీద ఒకటి పడుతుంటాయి. వెంతూరా మాట్లాడడు, వింటాడు. ‘వాండా గదిలో’ తర్వాత ఈ షాట్ చూసినవారికి ఆమె ఎంత ముందుకు వచ్చిందో తెలిసిపోతుంది. ఆ మూడు గంటల సినిమాలో దగ్గు ఆమె మాటను నరికేది. ఇక్కడ ఆగాల్సిన చోట ఆమే ఆగుతుంది. ఈ చిత్రం కోసం కోస్టా మూడు వందల గంటలకు పైగా చిత్రీకరించాడు.

అభ్యంతరాలు ఉన్నాయి, ఉండాలి కూడా. పేదరికాన్ని పాతకాలపు తైలవర్ణ చిత్రంలా అందంగా చూపించాడని కోస్టా మీద మొదటినుంచీ నింద ఉంది. దీన్ని నేను పూర్తిగా ఒప్పుకోను. ఇరుకు గదిలో వెలుతురు కూడా వెలుతురే. అందం చూపడం తప్పు కాదు, ఆ అందం మనిషి మాటను కప్పేస్తే తప్పు. వాండా మాట ఎక్కడా కప్పబడలేదు. అయితే రెండో అభ్యంతరం బరువైనది. ఒక మనిషి ఒంటిని గుల్ల చేసుకునే అలవాటును నెలల తరబడి చిత్రీకరిస్తూ కూర్చోవడం, అదే దృశ్యం మళ్లీ చేద్దామనడం సరైనదా? ఈ బతుకు మనం కోరుకున్నదా, మన మీద పడినదా అని వాండా, ఆమె స్నేహితుడు నుర్రో గదిలో మాట్లాడుకుంటారు. సినిమా ఎటూ తేల్చదు. ఆమె పిలిచింది, ఆమెకు తెలిసే జరిగింది అనే సమాధానం చట్టానికి సరిపోతుందేమో, నా మనసుకు పూర్తిగా సరిపోదు. అలాగని ఆమెను కేవలం బాధితురాలిగా చూస్తే, ఆమె చేసిన పనిని రెండోసారి తుడిచేసినట్టే.

ఈ లెక్క కొంతైనా సరిపడటానికి 2019 దాకా ఆగాల్సి వచ్చింది. విటాలీనా వరేలా కేప్ వర్డీలో పాతికేళ్లు భర్త పిలుపు కోసం ఎదురుచూసి, 2013లో లిస్బన్ చేరేసరికి అతన్ని పూడ్చి మూడు రోజులైంది. కోస్టా తీసిన ‘కవాలు దిన్యేరు’ (2014)లో ఒక పాత్రగా కనిపించిన ఆమె, ఆ తర్వాత తన పేరుతోనే వచ్చిన చిత్రంలో తన కథను తానే మోసింది. స్విట్జర్లాండ్‌లోని లొకార్నో చిత్రోత్సవం ఆ చిత్రానికి ప్రధాన బహుమతి అయిన గోల్డెన్ లెపర్డ్‌తో పాటు ఆమెకు ఉత్తమ నటి బహుమతీ ఇచ్చింది. తన బతుకును తానే ఆడిన మనిషిని ‘నటి’ అని ఒక పెద్ద ఉత్సవం ఒప్పుకుంది. అంతకంటే నాకు ముఖ్యంగా తోచినది పేర్ల జాబితాలోని మరో వరుస: రచన కింద పెడ్రో కోస్టా పక్కనే విటాలీనా వరేలా. వాండాకు ఆ వరుస దక్కలేదు.

చూడాలనుకునేవారు నేరుగా ‘వాండా గదిలో’కి దూకవద్దు. ముందు ‘ఓస్సోస్’ చూసి, అందులో క్లోతిల్డ్‌గా ఆమె ఎక్కడ ఇమడకుండా పెనుగులాడుతోందో గమనించండి. తర్వాత ఆ మూడు గంటలకు తీరిక చేసుకుని కూర్చోండి, మొదటి అరగంట విసుగ్గానే ఉంటుంది. పురిటి కథ చెప్పే షాట్ కోసమైనా ‘జువెంతూద్ ఎం మార్షా’ మూడోది కావాలి. హెడ్‌ఫోన్లు పెట్టుకుంటే మంచిది. గోడ అవతలి శబ్దాలు మామూలు స్పీకర్లలో సగం పోతాయి.